రాయి అడుగున గురువారం

"మా నాన్న ఏ రాయి కూర్చోబెట్టినా దాని అడుగున రాసేవాడమ్మా. వారం, తేదీ, టైము. ఎత్తినవాళ్ళ చేతులు కూడా గీసేవాడు."

నిన్న సాయంత్రం వంటగట్టు కొలతలు తీసుకుంటూ మేస్త్రమ్మ అన్న మాట ఇది. టేపు చుట్టుకుంటూ మామూలుగా అనేసింది. విన్న చిన్నపాప మాత్రం చేతిలోని టీ కప్పు కింద పెట్టేసింది.

నాలుగేళ్ళుగా ఆ ఇల్లు ఒకే ప్రశ్న చుట్టూ గానుగెద్దులా తిరుగుతోంది. ఈ గట్టు మీది నల్లరాయి బుధవారం పెట్టారా, గురువారం పెట్టారా?

గురువారం మధ్యాహ్నం మూడుంబావుకి ఊరికి ఆ చివర బావ గోడౌను తగలబడింది. లోపల కునుకు తీస్తున్న వాచ్‌మన్ బయటికి రాలేదు. నిప్పు పెట్టింది బాబే అన్నారు. బాబు అంటే చిన్నపాప అన్నయ్య. బావ దగ్గరే పనిచేసి, అంతకు వారం ముందు నలుగురిలో గొడవపడి మానేసినవాడు. "ఆ టైముకి నేను మా వంటింట్లో మేస్త్రితో కలిసి రాయి ఎత్తుతున్నాను" అని బాబు మొత్తుకున్నాడు. "ఆ రాయి బుధవారమే పెట్టేశారు" అని బావ సాక్ష్యం చెప్పాడు. "గురువారం నేను ఆ గుమ్మం తొక్కలేదు. మా ఆయనా నేనూ మా ఇంట్లోనే ఉన్నాం" అని అక్క చెప్పింది. ఔనో కాదో చెప్పాల్సిన, మేస్త్రమ్మ తండ్రయిన మేస్త్రీ, ఆయనతో జంటగా పనిచేసే ఆయన అన్నా, కేసు కోర్టుకొచ్చేలోపే ఒకరి వెనక ఒకరు పోయారు. ఆ వారం చిన్నపాప ఊళ్ళో లేదు.

బాబు జైల్లో ఉన్నాడు. పై కోర్టులో ఆఖరి విచారణ ఇంకో పది రోజుల్లో ఉంది.

నిన్న మేస్త్రమ్మ ఆ మాట అన్నప్పుడు వంటింటి గుమ్మంలో కారు తాళాలు వేలికి తిప్పుకుంటూ బావ నిలబడి ఉన్నాడు. విన్నాడో లేదో తెలీదు. తాళాలు తిప్పడం మాత్రం ఆపేశాడు.

*

తొమ్మిదిన్నరకల్లా వంటిల్లు వంటిల్లులా లేదు. గిన్నెలన్నీ అట్టపెట్టెల్లోకి ఎక్కి హాల్లో కూర్చున్నాయి. సొరుగులు ఒకదాని మీద ఒకటి సోఫా పక్కన నిలబడ్డాయి. సింకు కింద గొట్టం ఏళ్ళ తరబడి కారి కారి, అరల చెక్క నీళ్ళలో నానిన బిస్కెట్టులా ఉబ్బి, వేలితో నొక్కితే రాలిపోతోంది. అసలు ఈ పని మొదలైందే అందుకు. పుచ్చిన అరలు తీసేసి కొత్తవి పెట్టించాలి. రాయికి చెక్కు చెదరలేదు కాబట్టి దాన్నే మళ్ళీ వాడుకోవాలి. వారం కిందట చిన్నపాప అనుకున్నది అంతే.

"ఇదిగో అమ్మాయ్, నీ రాయి ఎంత గొప్పదైనా రేపు నిలబడేది నా చెక్క మీదే. గుర్తుపెట్టుకో" అన్నాడు వడ్రంగి బాబాయ్, చెవి మీద పెన్సిలు సర్దుకుంటూ. అరవై దాటిన మనిషి. నోట్లో నువ్వుగింజ నానదు గానీ చేతిలో పని మాత్రం నిదానం.

"నీ చెక్క గొప్పతనం కిందే కనబడుతోందిగా బాబాయ్, పిండయిపోయి" అంది మేస్త్రమ్మ.

"అది నా చెక్క కాదు! నేను చేసుంటే నీ మనవరాలి పెళ్ళిదాకా ఉండేది."

"నాకింకా పిల్లలే లేరు."

"అదే చెబుతున్నా. అంతకాలం ఉండేది."

మేస్త్రమ్మ నవ్వలేదు. ఆమెకి నలభై దాటాయి. తండ్రి పోయాక ఆయన సంచీ, సుత్తులు, మట్టం చూసే రసమట్టం భుజాన వేసుకుని అదే పనిలోకి దిగింది. ముడిచిన వేలితో రాయి మీద చివరినుంచి చివరికి తట్టుకుంటూ వచ్చింది. ఖంగు, ఖంగు, ఖంగు. గుళ్ళో గంటలా మోగింది.

"బతికే ఉంది. ఎక్కడా పగులు లేదు" అంది. తర్వాత సింకు దగ్గర ఆగింది. "దీని ప్రాణమంతా ఇక్కడుందమ్మా. సింకు కోసం కోసిన రంధ్రానికి ముందు మూడంగుళాలు, వెనక మూడంగుళాలే మిగిలింది. వెనకాల మళ్ళీ కుళాయికో చిల్లు. ఎనిమిదడుగుల రాయి, ఎనభై కిలోల పైమాట. ఒకవైపు ముందు లేచి ఇంకోవైపు ఆలస్యమైతే, సరిగ్గా ఇక్కడ విరుగుతుంది."

"విరగకూడదు మేస్త్రమ్మా."

"తెలుసమ్మా."

"నీకు తెలీదు" అంది చిన్నపాప. గొంతు తగ్గించింది. "పొద్దున్నే లాయరుగారికి ఫోన్ చేశాను. రాయి రాయిలాగే ఉండాలన్నారు. ఎత్తేటప్పుడు మా ఇంటివాళ్ళు కాకుండా బయటివాళ్ళు ఇద్దరుండాలి. అడుగున ఉన్నది ఉన్నట్టే ఫోటో తీయాలి. ముక్కలైందా, ఆ ముక్కల మీద నువ్వే రాసుకున్నావంటారట."

వడ్రంగి బాబాయ్ చెవి మీది పెన్సిలు తీసి జేబులో పెట్టుకున్నాడు.

మేస్త్రమ్మ ఒక్క క్షణం చిన్నపాప ముఖంలోకి చూసింది.  లప్పం కత్తి తీసి, రాయీ గోడా కలిసేచోట ఉన్న సిలికాన్ జిగురు గీతని జానెడు జానెడుగా కోయడం మొదలెట్టింది. గోడ మీది రంగు పెచ్చు కూడా లేవకుండా కోసింది. సింకు విప్పి బయటపెట్టింది. రంధ్రానికి ముందూ వెనకా రాయి పొడుగునా రెండు మందపాటి చెక్క బద్దలు ఆనించి, నాలుగు క్లాంపులతో బిగించింది. విరిగిన చేతికి కట్టు కట్టినట్టుంది చూడ్డానికి.

రాయికీ అరలకీ మధ్య ప్లైవుడ్ పలక ఉంది. దానివల్లే కింద సొరుగులన్నీ లాగేసినా రాయి అడుగు కనబడటం లేదు. చిన్నపాప వంగి, ఫోను లైటు వేసి చూసింది. ప్లైవుడ్. రాయి అడుగు చూడాలంటే రాయిని ఎత్తాల్సిందే.

"నాలుగో మనిషేడి?" అన్నాడు బాబాయ్. "నువ్వూ, నేనూ, చిన్నమ్మగారూ, ముగ్గురం. నీ పనివాడు ఎనిమిదికే రావాలిగా?"

మేస్త్రమ్మ ఫోను చెవిన పెట్టుకుని పెరట్లోకి వెళ్ళి వచ్చింది. ముఖం మారింది.

"రాడట. పొద్దున్నే ఎవరో ఇంటికొచ్చి, ఇంకోచోట పని ఉందని కార్లో ఎక్కించుకుని తీసుకుపోయారట."

"ఎవరో అంటే?"

ఆ ప్రశ్నకి జవాబు వాకిట్లో హారను కొట్టింది.

*

బావ ఒక్కడే రాలేదు. గేటు బయట వాన్ ఆగి ఉంది. వాన్ వెనక తాళ్ళతో కట్టిన తెల్లరాయి తళతళలాడుతోంది. ఇద్దరు మనుషులు కిందికి దిగి, పెద్ద సుత్తులు కాళ్ళ దగ్గర పెట్టుకుని నిలబడ్డారు.

"ఏమ్మా మరదలా, ఇంకా దీన్నే పట్టుకుని వేళ్ళాడుతున్నావా?" బావ చెప్పులతోనే వంటింట్లోకి వచ్చేశాడు. "కొత్త అరలమీద పాత రాయేంటి, పట్టుచీర మీద చిరుగుల పైట వేసినట్టు! నా తరఫున కొత్త రాయి తెచ్చాను. మావాళ్ళు దీన్ని ఇక్కడే నాలుగు ముక్కలు చేసి మోసుకుపోతారు. గంటలో పని అయిపోతుంది. నువ్వలా హాల్లో కూర్చో."

"వద్దు బావా. ఈ రాయే కావాలి నాకు."

"ఎందుకూ?"

ఆ మాట తేలిగ్గానే అన్నాడు. కళ్ళు మాత్రం తేలిగ్గా లేవు. చిన్నపాప గొంతు తగ్గించలేదు. పిల్లల ముందు నిలబడి పదేళ్ళుగా లెక్కలు చెబుతున్న గొంతు అది, వణకడం దానికి అలవాటు లేదు.

"అన్నయ్య ఏరి తెచ్చిన రాయి. వాడొచ్చేదాకా ఉండాలి."

"వాడొచ్చేదాకా" అని నవ్వాడు బావ. "సరే. మీ అక్కకీ ఈ ఇంట్లో వాటా ఉందిగా? తన వాటా కింద ఆ సింకు వైపు సగం మేం పగలగొట్టుకుంటాం. మిగతా సగం నువ్వు ఉంచుకో."

వడ్రంగి బాబాయ్ గొంతు సవరించుకున్నాడు. "అయ్యా, రాయికి వాటాలుండవండి. పగిలితే అందరికీ పగులుతుంది."

"నిన్నడిగానా?"

"అడగలేదండి. నేనే చెప్పా."

బావ మేస్త్రమ్మ వైపు తిరిగాడు. గొంతులో తేనె పోశాడు. "చూడమ్మా, నీకైనా తెలుసుగా. పాతరాయి లేపడం ఎంత ప్రమాదం! కాలిమీద పడితే? ఏముంది ఈ రాయిలో? నాలుగేళ్ళు తడిలో ఉంది. ఈపాటికి అంతా మాసిపోయే ఉంటుంది."

 కుళాయి తీసేసిన గొట్టం చివర ఒక నీటిచుక్క వేలాడి, టప్‌మని రాలింది.

"ఏం మాసిపోయి ఉంటుంది బావా?" అంది చిన్నపాప.

గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు, బావ చెయ్యి తన చొక్కా కాలరు మీదికి వెళ్ళింది. "మెరుపు. రాయి మెరుపు మాసిపోయి ఉంటుందంటున్నా."

అతని ముందు నల్లరాయి అద్దంలా మెరుస్తోంది. అందులో అతని ముఖం తలకిందులుగా కనబడుతోంది.

 ఇప్పుడు ఇద్దరికీ తెలిసిపోయింది. అతనికి తెలుసని ఆమెకీ, ఆమెకి తెలుసని అతనికీ.

బావే ముందు తేరుకున్నాడు. చేతులు మడిచాడు. "సరే, అంత ముచ్చటగా ఉంటే ఎత్తండి. నేనేమైనా కాదన్నానా? నాలుగో మనిషి లేడంటగా, నేను పడతాను." వచ్చి సరిగ్గా సింకు దగ్గర నిలబడ్డాడు.

"అయ్యా, మీరు ఆ చివర పట్టండి" అంది మేస్త్రమ్మ. "ఇక్కడ నేనుంటాను."

"ఆడదానివి, బరువంతా నువ్వు మోస్తావా? నేను మోస్తాలే."

"బరువు ఆ చివరే ఉందండి. ఇక్కడ ఉన్నది ఒడుపు."

"నాకు ఒడుపు లేదంటావా?" కదల్లేదు. సింకు రంధ్రం పక్కన రాయి అంచు కింద వేళ్ళు దూర్చి, బయట సుత్తుల మనుషులకి వినబడేలా అన్నాడు. "మరదలా, ఒకటే చెబుతున్నా. ఎత్తితే ఇప్పుడే, నాతోనే ఎత్తాలి. లేదంటే మావాళ్ళు లోపలికొస్తారు. మీ అక్క మాటగా చెబుతున్నా."

చిన్నపాప మేస్త్రమ్మ వైపు చూసింది. వద్దని చెప్పడానికి నోరు తెరిచింది. కానీ మేస్త్రమ్మ తల అడ్డంగా ఊపలేదు. కింద కూర్చుని, తన సంచీలోంచి రెండు గోనెపట్టాలు తీసి, మడతమీద మడత పెట్టింది. రెండు ఖాళీ రంగుడబ్బాలు తెచ్చి, తీసేసిన అర స్థానంలో సింకు కిందుగా నిలబెట్టింది. వాటిమీద దూలంలాంటి చెక్కముక్క, దానిమీద గోనె మడత. గోనె పైనున్న ప్లైవుడ్‌ని దాదాపు తాకుతోంది.

"అదెందుకు?" అన్నాడు బావ.

"మా నాన్న అలవాటండి. రాయి ఎత్తేటప్పుడు దానికి కింద పక్క వేసేవాడు. పసిపిల్లకి వేసినట్టు." ఆమె గొంతులో ఏ భావమూ లేదు. ప్లైవుడ్‌కి కొట్టిన మేకులు ఊడబీకింది. గోడవైపునుంచి పలచటి బద్దలు ఒక్కొక్కటిగా రాయి కిందికి తోసింది. ఎక్కడో లోపల పాత జిగురు చిటుక్ చిటుక్‌మని ఊడింది. నల్లరాయి ఒక్క గోరంత పైకి లేచింది.

నాలుగేళ్ళ తర్వాత దాని కిందికి మొదటిసారి గాలి వెళ్ళింది.

"మూడంటే ఎత్తాలి. నలుగురూ ఒక్కసారే. ఒకటి... రెండు... మూడు!"

రాయి లేచింది. బరువు చిన్నపాప మణికట్టు నరాల్లోంచి వీపులోకి పాకింది. బెత్తెడు లేచిందో లేదో, "అబ్బా!" అన్నాడు బావ. ఆ 'అబ్బా' చెయ్యి వదలకముందే వచ్చింది. చిన్నపాప చూసింది. ముందు నోరు, తర్వాత చెయ్యి.

సింకు వైపు రాయి ఊడి పడింది.

దబ్! టిక్.

మొదటిది గోనెమీద పడ్డ శబ్దం. రెండోది రాయిది. ఆ చిన్న శబ్దం విని చిన్నపాప తన చివర దించేసి, రాయి పక్కన కూర్చుని చూసింది.

"అయ్యయ్యో! చెయ్యి జారిపోయిందే!" బావ వేళ్ళు విదిలించుకుంటున్నాడు. "చెప్పానా నేను? చెప్పానా? పాతరాయి అంటే ఇదే..."

మేస్త్రమ్మ అతని మాట వినడం లేదు. ముడిచిన వేలితో తడుతోంది. ఖంగు. ఖంగు. సింకు దాటాక, కుళాయి చిల్లు దగ్గర, ధబ్. మళ్ళీ తట్టింది. ధబ్. కంటికి ఆనించి చూసింది.

"చిల్లునుంచి గోడవైపు అంచుదాకా వెంట్రుకంత పగిలింది" అంది. "అక్కడే ఆగింది. కట్టు పట్టుకుంది."

"మిగతాది?" అంది చిన్నపాప.

"మిగతాది బతికే ఉంది."

చిన్నపాప లేచి నిలబడింది. "చెయ్యి జారిందా బావా, జార్చారా?"

"మాటలు జాగ్రత్త!"

"బెత్తెడు ఎత్తునుంచే పడింది కాబట్టి సరిపోయింది. ఆవిడ ఆ గోనె పెట్టకపోతే..."

"పగిలిందిగా? పగిలిన రాయి ఇంట్లో ఎందుకు?" బావ కిటికీలోంచి చెయ్యి ఊపాడు. "రండ్రా లోపలికి! సుత్తులు తీసుకురండి!"

గేటు చప్పుడైంది. అడుగులు వరండా మెట్లెక్కాయి. వడ్రంగి బాబాయ్ ఉలి చేత్తో పట్టుకుని గుమ్మానికి అడ్డంగా నిలబడ్డాడు. "నన్ను దాటుకుని రండయ్యా, చూద్దాం. కొత్త గుమ్మం చేయాల్సొస్తే నేనే చేస్తాలే."

"ఎవరూ లోపలికి రావొద్దు."

ఆ గొంతు బాబాయ్‌ది కాదు. సుత్తుల మనుషుల వెనకనుంచి వచ్చింది. వాళ్ళిద్దరూ పక్కకి తప్పుకున్నారు.

అక్క.

*

అక్క ఈ వంటింట్లోకి వచ్చి నాలుగేళ్ళయింది. బాబుకి శిక్ష పడ్డ రోజునుంచీ అక్కాచెల్లెళ్ళు ఒక పెళ్ళిలో ఎదురుపడ్డా పలకరించుకోలేదు. మనిషి చిక్కింది. జుట్టులో తెల్లవెంట్రుకలు దాచుకోవడం మానేసినట్టుంది.

"నువ్వెందుకొచ్చావు?" అన్నాడు బావ.

"మీరు సుత్తులతో బయల్దేరడం చూశాను, గేటు దగ్గరికే మీరు నా పేరు చెప్పడం వినబడింది. నా పేరు కదా, నేనే వచ్చాను." అక్క అతన్ని చూడలేదు. రాయిని చూస్తోంది. "మీరు బయట నిలబడండి. నాలుగో చెయ్యి నేను వేస్తాను."

"రాళ్ళెత్తడం నీకేం తెలుసే?"

అక్క అతని కళ్ళలోకి చూసింది. బావ ముఖంలో రంగు పోవడం చిన్నపాప చూసింది. కోపంతో ఎర్రబడాల్సిన ముఖం సున్నం కొట్టినట్టయింది. ఒకసారి వడ్రంగినీ మేస్త్రమ్మనీ చూశాడు. దొంగకి తేలు కుట్టినట్టు నోరెత్తకుండా వరండాలోకి వెళ్ళి, ఫోను తీశాడు.

"ఎక్కడ పట్టుకోవాలో చెబుతానమ్మా" అంటూ లేచింది మేస్త్రమ్మ.

అవసరం లేకపోయింది. అక్క కొంగు నడుముకి దోపింది. సింకు వైపు కాదు, పొయ్యి వైపు మూలకి నడిచింది. ఎడమ చెయ్యి రాయి ముందు అంచుకి, కుడి చెయ్యి అరచేయి పైకి పెట్టి అడుగుకి. మోకాళ్ళు కొంచెం వంచి, వీపు నిటారుగా. మూలనుంచి జానెడు ఇవతల. ఒక్కసారి కూడా తడుముకోలేదు. చీకట్లో సొంత ఇంటి స్విచ్ వెతుక్కునే చెయ్యిలా సరిగ్గా అక్కడికే వెళ్ళింది. చిన్నప్పుడు తలుపు సందున పడి వంకర తిరిగిన ఆమె చిటికెన వేలు, మిగతా వేళ్ళకి దూరంగా, పక్కకి తిరిగి ఉంది.

మేస్త్రమ్మ ఆమె చేతినే చూస్తూ ఉండిపోయింది.

"మీకు ఇదివరకు అలవాటుందా అమ్మా?"

"లెక్కపెట్టు" అంది అక్క.

"ఒకటి... రెండు... మూడు."

ఈసారి రాయి ఊపిరి పీల్చినట్టు లేచింది. నలుగురూ ఒక్క మనిషిలా అడుగు వెనక్కి వేశారు. "ఇప్పుడు నిలబెట్టాలి. గోడవైపు అంచు పైకి. మెల్లిగా, మెల్లిగా..." పక్కకి తిప్పి, నేలమీద పరిచిన గోనెల మీద అంచు ఆనించి, గోడకి చేరగిలబడేలా నిలబెట్టారు. మెరిసే ముఖం గోడవైపు. నాలుగేళ్ళుగా చీకట్లో ఉన్న గరుకు ముఖం కిటికీ వైపు.

పొద్దెక్కిన ఎండ దానిమీద పడింది. అంతా బూడిదరంగు దుమ్ము, అక్కడక్కడా ఎండిన జిగురు మరకలు. ఇంకేమీ లేదు.

 చిన్నపాప తడిగుడ్డ అందుకుంది.

"నీళ్ళొద్దు!" మేస్త్రమ్మ ఆమె చెయ్యి పట్టుకుంది. పొడి బ్రష్షు తీసి, పసిపిల్ల ముఖం తుడిచినట్టు మెల్లగా దులిపింది. దుమ్ము పొరలా రాలింది. దానికింద, పసుపుపచ్చ మైనపు సుద్దతో, గుండ్రటి అక్షరాలు.

ఆమె చెయ్యి ఆగిపోయింది. "నాన్న చేతిరాత" అంది. 

వడ్రంగి బాబాయ్ కళ్ళజోడు పెట్టుకుని, వేలితో గాలిలో చూపిస్తూ, బళ్ళో పిల్లాడిలా గట్టిగా చదివాడు.

"గు-రు-వా-రం."

చిన్నపాప నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"గురువారం. కింద తేదీ ఉంది. జిగురు కలిపిన టైము, మూడు గంటలు. రేపు మూడుదాకా దీనిమీద ఏమీ పెట్టొద్దు." గోడౌను తగలబడిన రోజు తేదీ అదే.

"ఒకసారి ఎవరో ఆరకముందే పొయ్యి ఎక్కించేస్తే రాయి జారిపోయింది" అంది మేస్త్రమ్మ, కళ్ళు తుడుచుకుంటూ. "అప్పట్నుంచీ రాసేవాడు. జిగురు కలిపాక పావుగంటలో రాయి కూర్చోవాలమ్మా, లేకపోతే గట్టిపడిపోతుంది. అంటే మూడునుంచి మూడుంబావులోపు ఈ చేతులన్నీ ఈ ఇంట్లోనే ఉన్నాయి."

చేతులు. రాయి మీద నాలుగుచోట్ల, ఎవరు ఎక్కడ పట్టుకోవాలో తెలిసేలా, అరచేయి ఆనించి చుట్టూ గీసిన గీతలు. ఒక్కో అరచేతిలో ఒక్కో పేరు, ఆయన పిలిచే పేరు. సింకుకి రెండు వైపులా 'నేను', 'అన్న'. కుడి చివర వెడల్పాటి అరచేయి. దాని మధ్యలో 'బాబు'.

చిన్నపాప ఆ గీత మీద చెయ్యి పెట్టింది. ఆమె చేతికంటే బాగా పెద్దది. నాలుగేళ్ళుగా ఇనుపజాలీ అవతలినుంచి మాత్రమే చూస్తున్న చెయ్యి. "చెప్పాడుగా" అంది. "మొదటిరోజునుంచీ వాడు చెబుతూనే ఉన్నాడుగా." ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చాయి. రెండో చేత్తో ఫోను తీసి బాబాయ్ చేతికిచ్చింది. "బాబాయ్, మీరే తీయండి. అన్నీ తీయండి. నాలుగు చేతులూ."

బాబాయ్ ఒకటి తీశాడు. రెండు తీశాడు. నాలుగో చేతి దగ్గరికి వచ్చి కళ్ళజోడు సర్దుకున్నాడు.

"ఇదెవరిదో చిన్నచెయ్యి. ఆడమనిషిది. చిటికెన వేలు చూడండి, విరిగినట్టు పక్కకి పోయింది. పేరు... పె-ద్ద-పా-ప." వెనక్కి తిరిగాడు, ఏమీ తెలియని ముఖంతో. "పెద్దపాప ఎవరమ్మా?"

 వరండాలో బావ ఫోనులో గుసగుసగా మాట్లాడుతున్న శబ్దం ఒక్కటే వినబడుతోంది.

చిన్నపాప తలెత్తింది. అక్క అక్కడే నిలబడి ఉంది. నాలుగేళ్ళ కిందట ఏ మూల పట్టుకుందో, ఇవాళా ఆ మూల పక్కనే. దుమ్ముకొట్టుకున్న కుడిచెయ్యి చీరకి తుడుచుకోవడం కూడా మర్చిపోయి.

"నువ్వు ఇక్కడే ఉన్నావు" అంది చిన్నపాప. మాటలు ఒక్కొక్కటిగా వచ్చాయి. "వాడి ఎదురుగా నిలబడి రాయి ఎత్తావు. తర్వాత కోర్టులో వాడి ఎదురుగానే నిలబడి, ఈ గుమ్మం తొక్కలేదన్నావు, బావతోనే ఇంట్లో ఉన్నానన్నావు. మొగుడి కోసం అన్నయ్యని జైలుకి పంపావా అక్కా?"

"మీ బావ కోసం కాదు."

"మరి?"

అక్క వరండా వైపు ఒకసారి చూసి, వంటింటి తలుపు దగ్గరికి వేసింది. గడియ పెట్టింది.

"మేస్త్రి ఉన్నాడుగా, ఆయన చెబుతాడు నా తరఫున, నువ్వు మాత్రం ఆ రోజు ఇక్కడ లేవనే చెప్పు, ఏం జరిగినా ఆ మాట మార్చకు, అన్నాడు. చేతిలో చెయ్యి వేయించుకున్నాడు. మేస్త్రి పోతాడని ఎవరనుకున్నాం? పోయాక నేను మాట మారుస్తానంటే, జైల్లోంచి కబురు పంపాడు, వద్దని."

"ఎవరు?" అంది చిన్నపాప. ఎవరో తెలిసిపోయింది. అయినా అడిగింది. "ఎవరు పంపారు?"

"బాబు."

చిన్నపాప చెయ్యి ఇంకా ఆ వెడల్పాటి అరచేతి గీత మీదే ఉంది. రాయి చల్లగా తగిలింది.

అక్క వంగి, మేస్త్రమ్మ సంచీ పక్కనున్న సుత్తి తీసింది. బాబాయ్ ఉలిక్కిపడి రాయికి అడ్డం వచ్చాడు. కానీ అక్క రాయి వైపు వెళ్ళలేదు. సుత్తి తిప్పి పట్టుకుని, పిడి చెల్లెలి చేతికందించింది.

"పట్టుకో. వాడు నన్ను ఇక్కడ లేనని ఎందుకు చెప్పమన్నాడో చెబుతాను. విన్నాక ఆ ఫోటోలు లాయరుకి పంపుతావో, ఈ రాయి నువ్వే పగలగొడతావో, నీ ఇష్టం."

తలుపు అవతల బావ గుసగుస ఆగిపోయింది. గడియ ఒక్కసారి కదిలింది.